దండ వేయని ఫోటో

మీరు ఇప్పుడు ఒక మీట నొక్కి నా మాట వింటున్నారు. మనకు ఎంతో దూరం లేని ఒక ఊళ్లో, 1990ల్లో, రేడియో వినాలంటే ఎవరో ఒకరు సైకిలు తొక్కాల్సి వచ్చేది. ఆ ఊరు శ్రీలంక ఉత్తరపు కొసన ఉన్న యాళ్పాణం. మనం జాఫ్నా అంటాం. అక్కడ కరెంటు లేదు. బ్యాటరీలు ఆ ప్రాంతంలోకి పోకుండా ప్రభుత్వం నిషేధం పెట్టింది. కిరసనాయిలు, సిమెంటు, ఎరువులు కూడా అంతే. అందుకని సైకిలుకు స్టాండు వేసి, దాని డైనమోకి రేడియో తీగలు తగిలించేవారు. ఇంట్లో ఒకరు పెడలు తిప్పుతుంటే చుట్టూ కూర్చున్నవాళ్లు వార్తలు వినేవారు. తొక్కేవాళ్ల కాళ్లు అలసిపోతే వార్తలు చదివే గొంతు కూడా సన్నగిల్లేది.

యుద్ధం అనగానే మనకు విమానాలు, ఫిరంగులు, నాయకుల పేర్లు గుర్తొస్తాయి. నాకు మాత్రం ఆ సైకిలు గుర్తొస్తుంది. ఇవాళ నేను మాట్లాడదలచుకున్నది ఆ సైకిలు తొక్కిన మనుషుల గురించి. యుద్ధం అయిపోయాక వాళ్లు మళ్లీ పొయ్యి ఎలా వెలిగించుకున్నారు, బావి ఎలా తోడుకున్నారు, అప్పు ఎలా తీర్చుకుంటున్నారు అన్నదాని గురించి.

శ్రీలంక ప్రభుత్వానికీ, తమిళ ప్రత్యేక దేశం కోరిన ఎల్.టి.టి.ఇ.కీ, అంటే తమిళ పులులకీ, మధ్య యుద్ధం 1983లో మొదలై 2009 మే నెల 18, 19 తేదీల్లో ముగిసింది. దాదాపు 26 ఏళ్లు. అంటే యుద్ధం మొదలైనప్పుడు పుట్టిన పిల్ల, అది ముగిసేనాటికి ఇద్దరు బిడ్డల తల్లి అయి ఉండవచ్చు. ఆఖరి ఘట్టం ముల్లైత్తీవు జిల్లాలో, ముళ్ళివాయ్క్కాల్ అనే చోట జరిగింది. ఒకవైపు సముద్రం, మరోవైపు నందికడల్ అనే ఉప్పునీటి కయ్య, మధ్యన సన్నటి ఇసుకతిన్నె. ఆ తిన్నె మీదికి లక్షల మంది జనం నెట్టుకొచ్చారు. సైన్యం ఫిరంగులు పేల్చింది, ఆసుపత్రుల మీద కూడా గుళ్లు పడ్డాయి. జనం తప్పించుకుపోకుండా పులులు అడ్డం నిలిచారు, పారిపోయేవాళ్లను కాల్చారు, పిల్లల్ని బలవంతంగా తమ దళాల్లోకి లాక్కుపోయారు. ఆ చివరి నెలల్లో చనిపోయిన పౌరులు 40 వేల వరకు ఉండవచ్చని ఐక్యరాజ్యసమితి నియమించిన నిపుణుల బృందం 2011లో రాసింది.

అక్కడి ఆడవాళ్లు తమ చీరల్ని ఇసుక సంచులుగా కుట్టుకున్నారు. సంచులకు గోనె దొరకలేదు. ముందు నేత చీరలు అయిపోయాయి, తర్వాత పెట్టెల్లో దాచుకున్న పెళ్లి పట్టుచీరలు బయటికి వచ్చాయి. వాటిలో ఇసుక నింపి కందకం చుట్టూ పేర్చారు. తలదాచుకునే గుంటల మీద తాటి దుంగలు పరిచారు. పట్టుచీర ఇంట్లో ఏ అర అడుగున ఉంటుందో, ఎన్ని మడతల్లో ఉంటుందో తెలిసిన మన ఆడపడుచులకు ఈ మాట నేను విడమరచి చెప్పక్కర్లేదు.

బతికి బయటపడ్డవాళ్లను వవునియా దగ్గర మాణిక్ ఫామ్ అనే చోట శిబిరాల్లో ఉంచారు. రెండు లక్షల ఎనభై వేల మందికి పైగా జనం. చుట్టూ ముళ్లకంచె. మొదటి నెలల్లో బయటికి అడుగుపెట్టే వీలు లేదు. ఆ శిబిరాలు పూర్తిగా మూతపడింది 2012 సెప్టెంబరులో. అంటే యుద్ధం ముగిసి మూడేళ్లు దాటాక కూడా కొందరు గుడారాల కిందే ఉన్నారు. చివరగా ఖాళీ చేసినవాళ్లలో కేప్పాపిలవు గ్రామస్థులు ఉన్నారు. వాళ్లను సొంత ఊరికి పోనివ్వలేదు. ఊళ్లో సైన్యం ఉంది. పక్కన మరోచోట స్థలం చూపించారు.

ఇంటికి తిరిగిరావడం అన్నది మనం సినిమాల్లో చూసినట్టు ఉండదు. చేతిలో కొన్ని రేకులు, కాస్త నగదు, ఆరు నెలల రేషను పెట్టి బస్సు దించేస్తే, దిగినవాళ్లకు తమ ఊరు ఎక్కడుందో తెలియలేదు. ఇళ్లు లేవు. కంచెలు లేవు. దారులు చెట్లలో కలిసిపోయాయి. ఎవరి స్థలం ఎక్కడిదాకా అన్నది చెప్పే కాగితాలు నాలుగైదుసార్లు మూట కట్టి పరిగెత్తిన దారుల్లో పోయాయి. అలాంటప్పుడు చాలామంది తమ ఇంటి జాగాను గుర్తుపట్టింది బావిని బట్టి. గోడలు కూలతాయి, కప్పులు ఎగిరిపోతాయి, బావి మాత్రం ఎక్కడికీ పోదు. కాకపోతే అందులో నీళ్లకు బదులు చెత్త ఉంటుంది, కూలిన ఇంటి పెచ్చులుంటాయి, కొన్నిటిలో పేలని గుండ్లు ఉంటాయి. మొదటి పని బావి తోడడం. పూడిక తీసి, నీళ్లు మొత్తం చేదిపోసి, కొత్త ఊట వచ్చేదాకా ఆగి, ఆ నీళ్లతో పొయ్యి మీద ఎసరు పెట్టడం. ఆ ఎసరు మరిగిన రోజునే నిజంగా ఇల్లు చేరినట్టు అని నాకనిపిస్తుంది.

బావి దగ్గరికి వెళ్లడానికి కూడా ముందు నేల మీద అడుగు వేయగలగాలి. యాళ్పాణం నుంచి కిళినొచ్చి వైపు వచ్చే ఎ9 రోడ్డు మీద ముహమాలై అనే చోటుంది. ఇటు సైన్యం, అటు పులులు ఏళ్ల తరబడి ఎదురెదురుగా మాటువేసిన సరిహద్దు అది. ఇద్దరూ వరసలు వరసలుగా మందుపాతరలు పాతారు. ఆ నేలను శుభ్రం చేస్తున్న సంస్థల్లో హేలో ట్రస్టు ఒకటి. అందులో పనిచేసేవారిలో ఎందరో ఆడవాళ్లు. భర్త పోయినవాళ్లు, ఇంటికి తామే దిక్కైనవాళ్లు. తలకు మందపాటి కళ్లద్దాల ముసుగు, ఒంటికి బరువైన కవచం తొడుక్కుని, ఎర్రటి ఎండలో మోకాళ్ల మీద కూర్చుంటారు. ఇనుప పళ్లున్న పనిముట్టుతో మట్టిని పైపైన, నెమ్మదిగా, తమవైపు గీస్తారు. మన తోటలో ఎండుటాకులు గీకే పంటె ఉంటుంది చూడండి, దాదాపు అలాంటిది. పొద్దుటినుంచి సాయంత్రందాకా గీకితే ఒక్కొక్కరు శుభ్రం చేయగలిగేది కొన్ని చదరపు మీటర్లు. అంటే మన పడగ్గది అంత జాగా. అలా ఒక గది, పక్కన ఇంకో గది, అలా ఏళ్ల తరబడి. ఆ మనుషులు శుభ్రం చేస్తున్నది తమ జిల్లా పొలాల్నే. మందుపాతరల్ని నిషేధించే అంతర్జాతీయ ఒప్పందంలో శ్రీలంక చేరింది 2017 డిసెంబరులో.

ఇక ఇల్లు. ఇక్కడ మన దేశానికి సంబంధం ఉంది. భారత ప్రభుత్వం శ్రీలంకలో 50 వేల ఇళ్లు కట్టించే పథకం చేపట్టింది. అందులో 46 వేల ఇళ్లు ఉత్తర, తూర్పు జిల్లాల్లో. వాటిలో చాలావాటిని కాంట్రాక్టరుకు అప్పగించకుండా, ఇంటివాళ్లే కట్టుకునేలా, కొత్త ఇంటికి 5 లక్షల 50 వేల శ్రీలంక రూపాయల్ని విడతలవారీగా వాళ్ల బ్యాంకు ఖాతాలో వేశారు. పునాది అయితే ఒక విడత, గోడలు లేస్తే ఒక విడత, అలా. ఇది మంచి పద్ధతి అని నేను నమ్ముతాను. ఎవరో కట్టిచ్చిన ఇంట్లో వంటగది ఎటుండాలో మనం చెప్పలేం. మనమే కట్టుకుంటే దేవుడి గూడు ఎక్కడ, గుమ్మం ఏ దిక్కుకు అన్నది మన చేతుల్లో ఉంటుంది. అక్కడి ఆడవాళ్లు ఇసుక మోశారు, ఇటుకలు అందించారు, మేస్త్రీలతో కూలి బేరం ఆడారు, కొందరు తాపీ పని నేర్చుకున్నారు.

అయితే ఒకేసారి వేల ఇళ్లు లేచేసరికి ఇసుక ధర పెరిగింది, మేస్త్రీ కూలి పెరిగింది. ఇచ్చిన డబ్బు కప్పుదాకా చేరలేదు. అప్పటికి ఏళ్ల తరబడి గుడారాల్లో, చెట్ల కింద బతికిన మనిషి ఒక్క గది ఎక్కువ వేసుకోవాలనుకుంటే తప్పు పట్టగలమా? మెడలో మిగిలిన నాలుగు గొలుసులు తాకట్టుకు వెళ్లాయి. ఆ తర్వాత మైక్రోఫైనాన్స్ వాళ్లు వచ్చారు.

ఈ భాగం నేను రాసుకుంటున్నప్పుడు నా మనసు మన ఊళ్లకే వచ్చింది. ఆడవాళ్లను గుంపుగా కూర్చోబెట్టి, ఒకరికొకరిని హామీగా పెట్టి అప్పివ్వడం, వారం వారం వాయిదా వసూలు చేయడం, ఒకరు కట్టకపోతే మిగతావాళ్లు ఆమె గుమ్మంలో కూర్చోవడం. ఇది మనకు తెలిసిన కథే. అప్పుల బాధతో ఆత్మహత్యలు జరిగాక 2010 అక్టోబరులో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ఆర్డినెన్సు తెచ్చి వారపు వసూళ్లను ఆపింది, వాయిదా నెలకొకసారే అంది. మనం ఆ తలుపు మూస్తున్న ఏళ్లలోనే పాల్క్ జలసంధికి అవతల అదే రకం తలుపు తెరుచుకుంది. యుద్ధంలో భర్తను పోగొట్టుకున్న ఇల్లాలు ఒక అప్పు తీర్చడానికి రెండోది, రెండోది తీర్చడానికి మూడోది తీసుకుంది. చివరికి 2018లో శ్రీలంక ప్రభుత్వం కరువు జిల్లాల్లో లక్ష రూపాయల లోపు తీసుకున్న ఆడవాళ్ల అప్పుల్ని రద్దు చేస్తామని ప్రకటించింది. మన దగ్గర నేర్చుకున్న పాఠం ఆ కొద్దిపాటి నీళ్లు దాటి వాళ్లకు సమయానికి చేరలేదు. నాకిది ఇప్పటికీ బాధగానే ఉంది.

సాయం చేసేవాళ్లు బతుకుతెరువు కోసం కుట్టుమిషన్లు, కోళ్లు పంచారు. వాళ్ల మనసు మంచిదే. కానీ వీధిలో ప్రతి ఇంట్లో కుట్టుమిషను ఉంటే ఎవరి జాకెట్టు ఎవరు కుట్టాలి? అక్కడివాళ్లకు తెలిసిన పనులు వేరే ఉన్నాయి. వరి తెలుసు. కిళినొచ్చి దగ్గరి ఇరణైమడు చెరువు కింద, మన పెద్ద చెరువుల కింద ఉన్నట్టే, వేల ఎకరాల ఆయకట్టు ఉంది. సముద్రం తెలుసు. ఇంకా తాటిచెట్టు తెలుసు.

తాటిచెట్టు గురించి రెండు మాటలు చెప్పకుండా నేను ముందుకు పోలేను. యాళ్పాణం మనిషికి తాడి కేవలం చెట్టు అంటే తక్కువ చెప్పినట్టే. మనం తేగలు తంపటి వేసుకుని తింటాం. వాళ్లు తేగల్ని చీల్చి ఎండబెడతారు, దాన్ని ఒడియల్ అంటారు. ఆ ఎండు తేగల్ని దంచిన పిండిలో చేపలు, రొయ్యలు, పీతలు, పనసగింజలు వేసి, చింతపండు, మిరపకాయలు తగిలించి పెద్ద గుండిగలో జావ కాస్తారు. ఇంటిల్లిపాదీ గుండిగ చుట్టూ చేరి తాగుతారు. మనం తాటి తాండ్ర అనేదాన్ని వాళ్లు పినాట్టు అంటారు. బియ్యం రాని రోజుల్లో ఆ ఎండు తేగ పిండే ఎన్నో కడుపులు నింపింది. యుద్ధంలో ఫిరంగి గుళ్లకు తలలు తెగిపోయి, మొండెంలా నిలబడ్డ తాళ్లు రోడ్డు పక్కన వరసగా కనిపించేవి. మిగిలినవాటిని నరికి కందకాలకు దుంగలుగా వాడారు. తాటి టెంక పాతితే కాపుకు రావడానికి పదిహేను ఇరవై ఏళ్లు పడుతుంది. అయినా తిరిగొచ్చినవాళ్లు టెంకలు పాతారు.

సముద్రం సంగతి ఇంకో తీరు. యుద్ధకాలంలో వేటకు అనుమతి కాగితాలు, అనుమతి వేళలు, పోకూడని హద్దులు. అవి తొలగి, అప్పో సొప్పో చేసి వల కొనుక్కుని నీళ్లలోకి దిగితే, తమిళనాడు నుంచి పెద్ద ట్రాలర్లు వచ్చి సముద్రపు అడుగును ఊడ్చుకుపోయేవి. చిన్న పడవ వల తెగిపోతే ఆ ఇల్లు ఒక సీజను వెనక్కి పోయినట్టే. రామేశ్వరం జాలరి పేదవాడే, ముల్లైత్తీవు జాలరి పేదవాడే, ఇద్దరూ మాట్లాడేది తమిళమే. శ్రీలంక 2017లో అడుగు ఊడ్చే ట్రాలింగును నిషేధించింది, కానీ గొడవ తీరలేదు. అదే ఏడాది జులైలో పళాలి దగ్గరి మయిలిట్టి రేవును సైన్యం జనానికి తిరిగి అప్పగించింది. 27 ఏళ్ల తర్వాత. తాతలు వల వేసిన రేవును మనవలు మొదటిసారి చూశారు.

రైలు కూడా వచ్చింది. కొలంబో నుంచి యాళ్పాణం దాకా నడిచే యాళ్ దేవి 1990లో ఆగిపోయింది. పట్టాలు పీకి కందకాలకు వాడేశారు. భారత రుణంతో, మన ఇర్కాన్ సంస్థ కొత్త పట్టాలు వేశాక 2013 సెప్టెంబరులో కిళినొచ్చికి, 2014 అక్టోబరులో యాళ్పాణానికి రైలు చేరింది. ఆ మధ్య పుట్టి పెరిగిన పిల్లలు అప్పటిదాకా రైలు కూత వినలేదు.

ఇళ్లు పోగొట్టుకున్నవాళ్లంటే ఒక్క తమిళులే అనుకుంటే అన్యాయం అవుతుంది. 1990 అక్టోబరులో పులులు ఉత్తర జిల్లాల ముస్లింలను, 70 వేలకు పైగా మందిని, ఊళ్లు ఖాళీ చేయించారు. యాళ్పాణంలో వాళ్లకిచ్చిన గడువు రెండు గంటలు. పుత్తళం వైపు గుడిసెల్లో ఒక తరం పెరిగింది. తిరిగి వద్దామంటే ఆ ఇళ్లలో వేరేవాళ్లున్నారు, పిల్లలకు బడి పుత్తళంలో ఉంది, ఇక్కడ పని లేదు. ఇటు సింహళ ఊళ్లలో సైన్యానికి పంపిన కొడుకు ఏమయ్యాడో తెలియక కూర్చున్న తల్లిదండ్రులున్నారు. కొలంబోలో బస్సెక్కి, బాంబు పేలి ఇంటికి రానివాళ్లున్నారు. పులుల దళాల్లో పనిచేసి, పునరావాస శిబిరాల గుండా బయటికి వచ్చిన సుమారు 12 వేల మంది ఉన్నారు. వాళ్లలో ఆడపిల్లలకు పెళ్లి సంబంధాలు రావడం ఎంత కష్టమో వేరే చెప్పాలా.

ఇప్పుడు నేను ఈ ప్రసంగానికి పెట్టుకున్న పేరు దగ్గరికి వస్తాను.

2004 డిసెంబరు సునామీ ముల్లైత్తీవు తీరాన్ని కూడా ఊడ్చేసింది. అప్పుడు పోయినవాళ్ల ఫోటోలు గోడలకు ఎక్కాయి, దండలు పడ్డాయి, ఏటా దీపం పెడుతున్నారు. మన దివిసీమలో 1977 ఉప్పెన తర్వాత ఎన్ని ఇళ్లలో అలా ఫోటోలు గోడకెక్కాయో మనకు తెలుసు. యుద్ధం తర్వాత కొన్ని ఇళ్లలో మాత్రం ఫోటోకు దండ వేయలేదు. ఎందుకంటే, ఆ మనిషి పోయాడని ఎవరూ చెప్పలేదు. 2009 మే నెలలో వట్టువాకల్ వంతెన దగ్గర, ఎందరో తల్లులు, భార్యలు తమవాళ్లను తమ చేతులతోనే సైన్యానికి అప్పజెప్పారు. విచారించి పంపేస్తామన్న మాట నమ్మి అప్పజెప్పామని వాళ్లు చెబుతారు. ఆ మనుషులు తిరిగి రాలేదు. శవాలూ రాలేదు.

ఇలాంటి ఇంట్లో రోజు ఎలా గడుస్తుందో ఆలోచించండి. తద్దినం పెట్టాలా? ఏ తిథికి పెట్టాలి? నుదుటి బొట్టు తుడుచుకోవాలా? తుడుచుకుంటే నా చేత్తో నేనే ఆయన్ని చంపినట్టు కాదా? భూమి కాగితం ఆయన పేరు మీద ఉంది, సంతకం ఎవరు పెట్టాలి? కూతురి పెళ్లి శుభలేఖలో తండ్రి పేరు ముందు ఏం రాయాలి? ఆ ఇళ్లలో ఎందరో ఇల్లాళ్లు బొట్టు తీయలేదు, తాళి తీయలేదు. ప్రభుత్వం మొదట మరణ ధ్రువపత్రం తీసుకోమంది. చాలామంది తీసుకోలేదు. 2016లో చట్టం మార్చి, ఆ మనిషి కనిపించడం లేదు అని మాత్రమే చెప్పే పత్రం ఇస్తామన్నారు. తప్పిపోయినవారి కోసం ఒక కార్యాలయమూ పెట్టారు. 2022లో ఆ కుటుంబాలకు లక్ష రూపాయలు ఇస్తామన్నారు. డబ్బు అవసరం లేని ఇల్లు అక్కడ లేదు. అయినా తల్లులు అడిగేది ఒకే ఒక్క ప్రశ్న, వాడెక్కడ అని.

2017 ఫిబ్రవరి 20న కిళినొచ్చిలో కందస్వామి కోవెల దగ్గర ఆ తల్లులు రోడ్డు పక్కన కూర్చున్నారు. ఆ తర్వాత మిగతా జిల్లాల్లోనూ కూర్చున్నారు. ఏళ్ల తరబడి కూర్చున్నారు. పైన రేకులు, కింద చాప, ఒళ్లో ఫోటో. ప్లాస్టిక్ కవరు తొడిగిన ఆ ఫోటోలు ఎండకు వెలిసిపోయాయి. కొడుకు కోసం వచ్చి కూర్చున్న ముసలివాళ్లలో చాలామంది ఆ ఎదురుచూపులోనే కన్నుమూశారు. అలా పోయిన తల్లి ఫోటోకు దండ పడుతుంది. ఆమె పట్టుకు తిరిగిన కొడుకు ఫోటోకు ఇంకా పడలేదు.

ఇల్లు కట్టిచ్చాం, రోడ్డు వేశాం, రైలు తెచ్చాం, ఇంకా ఏమిటి అని కొలంబోలో కొందరు అడుగుతుంటారు. అడిగేవాళ్లందరూ దుర్మార్గులు అని నేను అనను. రోడ్డు కనిపిస్తుంది, రైలు వినిపిస్తుంది. వండిన అన్నంలో ఒకరి వంతు తీసి మూతపెట్టి పక్కన ఉంచే అలవాటు బయటివాళ్లకు కనిపించదు.

ఏటా మే నెలలో, 18వ తేదీకి ముందు వారం, ఆ ఉత్తర, తూర్పు ఊళ్లలో రోడ్డు పక్కన పొయ్యి రాజేస్తారు. ముళ్ళివాయ్క్కాల్ కంజి అంటారు. మన గంజే. ఆఖరి నెలల్లో ఆ ఇసుకతిన్నె మీద జనం ప్రాణం నిలుపుకున్నది ఆ గంజితో. దానికోసం కట్టిన వరసల మీద కూడా గుళ్లు పడ్డాయి. కొన్ని ఏళ్లలో ఈ గంజి పోయడాన్ని పోలీసులు అడ్డుకున్నారు కూడా. అయినా కాస్తూనే ఉన్నారు. పెద్ద అండాలో కాచి, కొబ్బరిచిప్పల్లో పోసి, దారిన పోయేవాళ్లందరికీ ఇస్తారు. ఆ రోజులు ఎరగని బడిపిల్లలు సైకిళ్లు ఆపి తాగుతారు. అందులో వేసేది బియ్యం, నీళ్లు, కాస్త ఉప్పు. కూర, పచ్చడి ఏవీ వడ్డించరు. అప్పుడు లేవు.